ఇద్దరు సూర్యులు

చిరంజీవులు చిన్నూకీ, బుజ్జికీ తాతయ్య ఆశీస్సులు.

నేను పంపిన ఫొటో చూసి మొన్న బుజ్జి అడిగినదానికి ఫోన్లో సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. సముద్రం ఒడ్డున ఒక యోధుడు, నల్ల బట్టల్లో ఉన్న మృత్యువుతో చదరంగం ఆడుతుంటాడు కదా. "ఎదురెదురుగా కూర్చున్నారు, ఇద్దరి ముఖాల మీదా వెలుగుంది. మరి సూర్యుడు ఎటున్నట్టు తాతయ్యా?" అంది. భలే పట్టుకుంది పిల్ల!

అది 1957లో వచ్చిన స్వీడన్ సినిమా, ‘ది సెవెంత్ సీల్’. దర్శకుడు బెర్గ్‌మన్ పేరు చాలామందికి తెలుసు. కెమెరామన్ గున్నార్ ఫిషర్ పేరు మాత్రం అంతగా ఎవరికీ పట్టలేదు. ఆయన ముందు బొమ్మలు వేయడం నేర్చుకున్నాడు, నౌకాదళంలో వంటవాడిగా పనిచేశాడు, 1935లో సినిమా కంపెనీలో చేరాడు. అక్కడ పని నేర్పిన గురువు యూలియస్ యేన్సన్. 1921లోనే ఒకే ఫిల్మును మళ్లీ వెనక్కి తిప్పి దాని మీదే రెండోసారి షూట్ చేసి, అవతలి వస్తువులు కనబడేలాంటి దయ్యాల బండిని తెర మీద నడిపించిన ఘనుడు. ఆ సినిమా తీసి, అందులో నటించింది విక్టర్ షోస్ట్రోమ్. తమాషా ఏమిటంటే, ముప్పై ఆరేళ్ల తర్వాత బెర్గ్‌మన్, ఫిషర్ కలిసి చేసిన ‘వైల్డ్ స్ట్రాబెర్రీస్’లో ముసలి డాక్టరు వేషం వేసిందీ ఆయనే. గురువు చిత్రీకరించిన ముఖానికి ఈసారి శిష్యుడు లైటు పెట్టాడు! అందులో ఒక పీడకల ఉంది. ఖాళీ వీధి, ముళ్లు లేని గడియారం. చీకట్లో భయపెట్టడం ఎవరికైనా వచ్చు. ఫిషర్ మాత్రం కళ్లు చెదిరే తెల్లటి ఎండలో భయపెట్టాడు. నాకు ఆయన పనిలో అన్నిటికన్నా నచ్చింది అదే.

1948 నుంచి 1960 దాకా బెర్గ్‌మన్, ఫిషర్ ఇద్దరూ కలిసి పన్నెండు సినిమాలు చేశారు. ఆ తర్వాత బెర్గ్‌మన్ పక్కకు కెమెరామన్‌గా స్వెన్ నిక్విస్ట్ వచ్చాడు. మెత్తటి, సహజమైన వెలుగు ఆయనది. రెండు ఆస్కార్లూ, పేరూ ఆయనకే వచ్చాయి. ఫిషర్‌ది దానికి పూర్తిగా వేరు దారి, నలుపు నలుపే, తెలుపు తెలుపే.

ఇక బుజ్జి ప్రశ్న. అక్కడున్నది అసలు ఎండ ఒక్కటే కాదు, లైట్లు కూడా. ఆ సీన్లో ఇద్దరు సూర్యులున్నారని అప్పట్లోనే తప్పు పట్టారు. మృత్యువు వచ్చి చదరంగం ఆడుతుంటే నమ్మినవాళ్లు, ఇంకో సూర్యుణ్ణి ఎందుకు నమ్మరని ఫిషర్ జవాబు చెప్పాడట. నాకది తప్పించుకునే మాటగా అనిపించలేదు. ఆ రెండు ముఖాలూ మనకు కనబడాలి, అంతే.

ఆయన నూరేళ్లు బతికి 2011లో పోయాడు.

‘ది సెవెంత్ సీల్’ చివర్లో కొండ మీద చేతులు పట్టుకుని వెళ్లే వాళ్ల వరస ఉంటుంది. ఆ సాయంత్రం నటుల్లో చాలామంది అప్పటికే వెళ్లిపోయారు. ఆకాశంలో మంచి మబ్బు కనబడేసరికి లైట్‌బాయ్‌ల్లాంటి పనివాళ్లకీ, అక్కడికి వచ్చిన టూరిస్టులకీ ఆ బట్టలు తొడిగి, మబ్బు చెదిరిపోయేలోపు గబగబా తీసేశారు. ఇంకాస్త పెద్దయ్యాక చూసి, వాళ్లలో టూరిస్టులెవరో కనిపెట్టండి. నాకైతే ఇప్పటికీ తెలియలేదు.

మీ తాతయ్య