నాన్న ఇచ్చిన నోటుబుక్కు

చిన్నీ,

మొన్న ఫోన్‌లో నువ్వడిగిన ప్రశ్నకి అప్పటికప్పుడు జవాబు చెప్పలేక "ఉత్తరం రాస్తాలే" అని తప్పించుకున్నాను. నాలుగు రోజులు ఆలోచించి ఇవాళ కూర్చున్నాను. తమ్ముణ్ణి కూడా పక్కన కూర్చోబెట్టుకుని చదువు. వాడికి సంబంధించిన ముక్క కూడా ఒకటుంది.

నువ్వు చెట్టు బొమ్మకి ఆకుపచ్చ పెన్సిల్ ఇమ్మంటే నాన్న గోధుమరంగుది తీసి ఇచ్చాడు. నువ్వు నవ్వితే "నాకు ఆ రెండూ ఒకలాగే ఉంటాయమ్మా" అన్నాడు. అప్పటినుంచి నీకు బెంగ. "అందరూ నేను అచ్చం నాన్నే అంటారు కదా తాతయ్యా, మరి నాకూ రంగులు పోతాయా?" అన్నావు.

ముందు జవాబు చెప్పేస్తాను, లేకపోతే ఉత్తరమంతా టెన్షన్‌తో చదువుతావు. పోవు. అది పుట్టుకతో వచ్చేదే గానీ పెద్దయ్యాక వచ్చిపడేది కాదు. పైగా నాన్న ఇచ్చింది వేరే పెన్సిలని కనిపెట్టింది నువ్వే కదా, ఇంకేం భయం? అయితే నాన్న నుంచి ఆ గుణం నీకు రానే లేదా అంటే, వచ్చింది. నీ దగ్గరే ఉంది. బయటికి కనబడదు, అంతే. ఇదెలా కుదురుతుందో చెప్పడానికి నాకు నా నోటుబుక్కుల కథ తప్ప ఇంకో దారి లేదు.

నా చిన్నప్పుడు జెరాక్సులు లేవు. జ్వరమొచ్చి బడి మానేస్తే, తగ్గాక పక్కవాడి నోటుబుక్కు తెచ్చుకుని చేత్తో ఎక్కించుకోవడమే. ఒకసారి అలాగే ఒక స్నేహితుడి చరిత్ర నోట్సు ఎక్కించుకున్నాను. మాస్టారు చెప్పింది ఇది: "రాజుగారు ప్రజలను కన్నబిడ్డల్లా చూసుకున్నారు. దొంగలు ప్రజలను కొట్టి దోచుకున్నారు." రెండు వాక్యాల్లోనూ "ప్రజలను" ఒకదాని కింద ఒకటి పడింది. రాసుకునేటప్పుడు మావాడి కన్ను పై వరుస నుంచి కింది వరుసకి జారింది. ఏం రాశాడో తెలుసా? "రాజుగారు ప్రజలను కొట్టి దోచుకున్నారు." వాడి దగ్గర నేను ఎక్కించుకున్నాను. నా దగ్గర ఇంకో ఇద్దరు, వాళ్ళ దగ్గర మరో ముగ్గురు. పరీక్షలో మొత్తం ఏడుగురం ఆ రాజుగారిని దొంగను చేశాం. మాస్టారు ఏడుగురినీ వరసగా నిలబెట్టి, ఎవరు ఎవరి దగ్గర రాసుకున్నారో అడుగుతూ అడుగుతూ మొదటివాడి దగ్గరికి చేరిపోయారు. తిట్టలేదు. "తప్పుకి కూడా వంశవృక్షం ఉంటుందిరా" అని నవ్వారు. ఆ మాట నాకు అర్థమవడానికి ఇంకో ముప్పై ఏళ్ళు పట్టింది.

ఇప్పుడు నీ ఒంటి సంగతి. నీ ఒంట్లో దాదాపు ప్రతి కణంలోనూ 46 నోటుబుక్కులున్నాయి. వాటినే క్రోమోజోములు అంటారు. అమ్మ దగ్గర ఎక్కించుకున్నవి 23, నాన్న దగ్గర ఎక్కించుకున్నవి 23. ఒకటో నంబరుది అమ్మదొకటి, నాన్నదొకటి, రెండో నంబరుది ఇంకో జత, అలా. ముక్కు, జుట్టు, పొడవు, గోళ్ళు, అన్నింటికీ పాఠాలు వాటిల్లోనే.

నాన్న నీకు తన నోటుబుక్కుల్ని ఉన్నవున్నట్టు ఇవ్వలేదు. తన దగ్గరున్న రెండు ఒకటో నంబరు బుక్కులు (ఒకటి నాది, ఒకటి నాన్నమ్మది) ముందు పెట్టుకుని, కొన్ని పేజీలు ఇందులోంచి, కొన్ని పేజీలు అందులోంచి కలిపి కొత్తగా ఒకటి కుట్టి ఇచ్చాడు. అలా 22 నంబర్లకీ చేశాడు. అందుకే నీకూ తమ్ముడికీ ఒకే నాన్న అయినా మీ నోటుబుక్కులు వేరు. ప్రతిసారీ కుట్టు వేరే పేజీ దగ్గర పడుతుంది.

ఇరవైమూడో నంబరు దగ్గరికి వచ్చేసరికి నాన్నకి చిక్కొచ్చింది. అక్కడ ఆయన దగ్గరున్నవి జత కాదు. ఒకటి లావుపాటిది, ఎక్స్. 15 కోట్లకు పైగా అక్షరాలు, ఎనిమిది తొమ్మిది వందల పాఠాలు. రెండోది బక్కది, వై. అందులో అక్షరాలు 6 కోట్ల దాకా, పాఠాలు మరీ కొద్ది. ఈ రెండింటినీ కలిపి కుట్టడం కుదరదు. అట్టల దగ్గర చివరి పేజీలు కాసిని మార్చుకుంటాయి గానీ లోపలి పేజీల జోలికి పోవు. కాబట్టి నాన్న రెంట్లో ఏదో ఒకటి అలాగే తీసి ఇచ్చేయాలి. బక్కది ఇస్తే కొడుకు, లావుది ఇస్తే కూతురు. నీకు లావుది ఇచ్చాడు.

ఇక్కడే కాస్త ఆగు చిన్నీ, నాకు బాగా నచ్చిన చోటిది. తండ్రి తన కూతురికిచ్చే ఎక్స్‌ని కలపడు, కత్తిరించడు. ఎక్కడో ఒకటీ అరా రాత తప్పు పడితే పడొచ్చు గానీ దాదాపు అక్షరం పొల్లుపోకుండా ఇస్తాడు. ఎంతమంది కూతుళ్ళుంటే అంతమందికీ అదే ఇస్తాడు. అమ్మకి రెండు లావు బుక్కులున్నాయి కాబట్టి ఆమె కలిపి కుట్టి ఇస్తుంది. నాన్న ఇచ్చేది మాత్రం ముక్కలు చేయని పుస్తకం. మరి ఆ పుస్తకం నాన్నకెక్కడిది? ఆయన నా దగ్గర తీసుకున్నది బక్కది. లావుది నాన్నమ్మ ఇచ్చింది. అంటే నీ దగ్గరున్న ఆ బుక్కు నాన్న చేతుల మీదుగా వచ్చిన నాన్నమ్మ నోటుబుక్కు! నా ఎక్స్‌లోంచి నీకు ఒక్క పేజీ కూడా రాలేదు. ఈ మాట నాన్నమ్మకి చెప్పినప్పటినుంచి ఆవిడ నావైపు అదోలా చూస్తోంది. మిగతా 22 నంబర్లలో నా పేజీలు బోలెడున్నాయని నేనూ ఊరుకున్నాను. ఒరేయ్ తమ్ముడూ, నాన్న నీకిచ్చింది నా బక్క పుస్తకమే. ఏం పర్లేదు, జాగ్రత్తగా ఉంచుకో.

ఇక రంగుల దగ్గరికొద్దాం. ఎరుపుని పట్టే పాఠమూ, ఆకుపచ్చని పట్టే పాఠమూ ఆ లావు బుక్కు చివర్లో పక్కపక్కనే ఉన్నాయి. (నీలానిది అక్కడ లేదు, ఏడో నంబరులో ఉంది.) ఈ రెండు పాఠాలూ దాదాపు ఒకలాగే ఉంటాయి. మా "ప్రజలను" లాగే! అమ్మలు కలిపి కుట్టేటప్పుడు ఒక్కోసారి ఒక వరుస బదులు ఇంకో వరుస మీద కుట్టు పడుతుంది. ఒక పాఠం ఎగిరిపోతుంది, లేదా రెండూ అతుక్కుని ఒకటవుతాయి. ఈ చూపు తేడా అంత మామూలుగా కనబడటానికి కారణం అదే. యూరప్ సంతతి మగవాళ్ళలో లెక్కేస్తే దాదాపు 12 మందిలో ఒకరికి ఉంది. ఆడవాళ్ళలో 200 మందిలో ఒకరికి. ఇంత తేడా ఎందుకంటే, మగవాడి దగ్గర లావు బుక్కు ఒక్కటే. అందులో పేజీ పోతే చూసి రాసుకోవడానికి ఇంకోటి లేదు. నీ దగ్గర రెండున్నాయి. నాన్నదాంట్లో లేని పాఠం అమ్మదాంట్లో ఉంది.

అణువుల సిద్ధాంతం చెప్పిన జాన్ డాల్టన్‌కీ ఇదే ఉండేది. తనకి రంగులు వేరేగా కనబడుతున్నాయని 1794లో మాంచెస్టర్‌లో పండితుల ముందు చదివి వినిపించాడు. ఆయన సోదరుడికీ అంతేనట. తన కంట్లో ఉన్న ద్రవం నీలంగా ఉండటంవల్లే ఇలా జరుగుతోందని ఆయన నమ్మకం. చనిపోయాక కన్ను తీసి చూడమన్నాడు. 1844లో పోయాక చూస్తే ద్రవం నీళ్ళలా తేటగా ఉంది. అంత పెద్ద మనిషీ తప్పే అనుకున్నాడు. దాచిపెట్టిన ఆ కంటి ముక్కని 1995లో పరీక్ష చేస్తే, ఆకుపచ్చ పాఠం లేదని తేలింది.

మీ నాన్న విషయంలో నేను చేసింది డాల్టన్ కంటే పెద్ద తప్పు. నాన్నకి ఆరేళ్ళప్పుడు ఆకుపచ్చ అట్ట పుస్తకం తెమ్మంటే వేరే పుస్తకం తెచ్చాడు. మళ్ళీ పంపితే మళ్ళీ అదే. "ధ్యాస ఎక్కడుందిరా" అని కేకలేశాను. పదహారేళ్ళ వయసులో కంటి డాక్టరు చుక్కల బొమ్మలు చూపించేదాకా మాకు తెలియనే లేదు. రంగు చుక్కల మధ్య అంకె దాక్కుని ఉంటుంది. జపాన్ డాక్టరు ఇషిహారా 1917లో అచ్చువేసిన బొమ్మలవి. నాకు అంకె కొట్టొచ్చినట్టు కనబడుతోంది, వాడేమో "ఎక్కడ?" అంటున్నాడు. ఇంటికొచ్చి చెబితే నాన్నమ్మ నిమ్మళంగా "మా నాన్నగారికీ అంతే" అంది. అదన్నమాట! ముత్తాత దగ్గర్నుంచి కూతురికి, కూతురి దగ్గర్నుంచి కొడుక్కి, ఆ కొడుకు దగ్గర్నుంచి నీకు. నాన్నమ్మకి రంగులన్నీ తెలుసు, నీకూ తెలుసు. మధ్యలో నాన్నకి తెలియవు. ఆ కేకలు మాత్రం నేను వెనక్కి తీసుకోలేను. రంగు పేరు తప్పు చెప్పినవాణ్ణి చూసి ఎవరైనా నవ్వితే నువ్వు నవ్వకు.

ఇలాంటి నడక రాజుల ఇళ్ళలోనూ ఉంది. ఇంగ్లండ్ విక్టోరియా రాణి కొడుకు లియోపోల్డ్‌కి దెబ్బ తగిలితే రక్తం గడ్డకట్టేది కాదు. ఆ పాఠం కూడా లావు బుక్కులోదే. 1884లో పడిపోయి, ఆ దెబ్బకి చనిపోయాడు. అప్పటికి కూతురు ఆలిస్ ఏడాది పిల్ల. కొడుకు తండ్రి పోయాక పుట్టాడు. కొడుక్కి ఆ జబ్బు రాలేదు, బక్క పుస్తకం అందుకున్నాడు కదా. ఆలిస్‌కీ ఏమీ కాలేదు. నిండుగా తొంభై ఏడేళ్ళు బతికింది. కానీ తండ్రి పేజీ ఆమెలో అలాగే ఉంది. ఆమె కొడుకు రూపర్ట్‌లో బయటపడింది. 1928లో కారు ప్రమాదం జరిగాక, ఇరవై ఏళ్ళకే పోయాడు.

ఇక "అచ్చం నాన్నే" సంగతి. అందరూ నాన్నను పుణికిపుచ్చుకున్నావంటారు. నిజమే, కనుబొమలు ఆయనవే. కానీ ముఖం, పొడవు లాంటివి ఒక్క పేజీలో రాసి ఉండవు. వందల పేజీల్లో తలో వాక్యం ఉంటుంది. అమ్మ వాక్యాలు, నాన్న వాక్యాలు కలిసి చదివితేనే నువ్వు. మనకి పోలిక ఎక్కడ కావాలో అక్కడే కనబడుతుంది. నాలుకని గొట్టంలా చుట్టడం కూడా ఒక్క పాఠంతోనే వస్తుందని 1940లో స్టర్టెవాంట్ అనే పెద్ద శాస్త్రవేత్త రాశాడు. తర్వాత అచ్చుగుద్దినట్టుండే కవలల్లోనే ఒకరికి వచ్చి ఒకరికి రాకపోవడం చూశారు. ఆయన తప్పు ఒప్పుకున్నాడు, బడి పుస్తకాలు మాత్రం ఒప్పుకోవడానికి చాలాకాలం పట్టింది. కాబట్టి నీకు నాలుక చుట్టడం రాకపోతే నాన్నను తప్పుపట్టకు.

ఒక్క సంగతి మాత్రం నాకు ఇప్పటికీ పూర్తిగా మింగుడుపడదు. నీ దగ్గర లావు బుక్కులు రెండున్నాయి కదా, నీ ఒంట్లో ఒక్కో కణం ఆ రెంట్లో ఒకటే తెరుస్తుంది. రెండోది దాదాపుగా మూసేస్తుంది. ఏది మూయాలో నువ్వు పుట్టకముందే, చీటీ తీసినట్టు, తేలిపోతుంది. 1961లో మేరీ లయన్ అనే ఆవిడ ఇది చెప్పింది. అంటే నీ కంటి వెనక తెరలో ఒక చోట అమ్మ పుస్తకం తెరిచి ఉంటే పక్కనే ఇంకో చోట నాన్నది. ఆ చిన్న చిన్న చోట్లలో నువ్వు కూడా నాన్న చూసినట్టే చూస్తున్నావు, మిగతావన్నీ కలిసి సర్దేస్తున్నాయి. ఇంతకు మించి వివరించబోతే నా నోటుబుక్కుల పోలిక చిరిగిపోయేలా ఉంది.

పోలిక వద్దు, వెళ్ళి పిల్లుల్ని చూడు. నారింజ, నలుపు మచ్చలు కలిసి ఉన్న పిల్లి కనబడితే ఆగు. పిల్లుల్లో నారింజ రంగు పాఠం లావు బుక్కులోనే ఉంటుంది. నారింజ తండ్రి తన ఆడపిల్లలందరికీ ఆ పేజీ ఇస్తాడు. తల్లి నల్ల పేజీ ఇస్తే, ఆ పిల్ల ఒంటి మీద ఎక్కడ ఏ పుస్తకం తెరిచి ఉందో బొచ్చు మీదే మచ్చలుగా కనబడుతుంది. అందుకే అలాంటివి దాదాపు అన్నీ ఆడవే. తమ్ముడూ నువ్వూ కలిసి లెక్కపెట్టి, ఎన్ని చూశారో నాకు రాయండి. పొరపాటున మగది కనబడిందంటే ఉత్తరం కోసం ఆగొద్దు, వెంటనే ఫోన్ చేయండి.

మీ
తాతయ్య