అనుమానంతో మొదలైన కథ: డిమెన్షియాలో ప్రవర్తన మార్పుల వెనుక

డిమెన్షియా అనగానే మనకు మతిమరుపే గుర్తొస్తుంది. ఇంట్లో చూసుకునేవాళ్లను అడిగి చూడండి, మరుపు గురించి తక్కువే చెబుతారు. 'నా డబ్బు నువ్వే తీశావు' అన్న నింద, స్నానానికి రమ్మంటే చెయ్యెత్తడం, పొద్దు వాలగానే 'ఇంటికి పోతాను' అని తలుపు దగ్గర నిలబడటం... టెన్షన్ అంతా వీటితోనే. డిమెన్షియాకు ముఖ్య కారణమైన అల్జీమర్స్ జబ్బు చరిత్ర మొదలైంది కూడా ఇలాంటి గొడవతోనే.

1901 నవంబరులో జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్ మానసిక వైద్యశాలకు ఆగుస్టె డేటర్ అనే 51 ఏళ్ల ఆవిడను తీసుకొచ్చారు. ఆమెలో మొదట కనబడిన మార్పు భర్త మీద అనుమానం. మరుపు, వస్తువులు దాచడం, కేకలు ఆ తర్వాత వచ్చాయి. డాక్టర్ అలాయిస్ అల్జీమర్ పేరు అడిగితే 'ఆగుస్టె' అంది. ఇంటిపేరు అడిగినా అదే. భర్త పేరు అడిగితే, 'ఆగుస్టె అనుకుంటా' అంది. 1906లో ఆమె చనిపోయాక అల్జీమర్ ఆమె మెదడును పరీక్షించి, ఆ నవంబరులోనే ట్యూబింగెన్‌లో జరిగిన వైద్యుల సభలో కేసు వివరించాడు. 1910లో జర్మన్ మానసిక వైద్యుడు ఎమిల్ క్రెపెలిన్ తన పాఠ్యగ్రంథంలో జబ్బుకు అల్జీమర్ పేరు పెట్టాడు.

అక్కణ్నుంచి శాస్త్రం చూపంతా ఈ జబ్బులో మెదడులో పేరుకునే ప్రొటీన్ మచ్చల మీద, ముడుల మీద నిలిచింది. ఆవిడ అనుమానం సంగతి పక్కకు పోయింది. అరిచేవాళ్లను మంచానికి కట్టేయడం, మత్తుమందు ఇవ్వడం చాలాకాలం మామూలుగా సాగిపోయాయి.

పెద్దవాళ్లతో ఎలా మాట్లాడాలన్న ప్రశ్న ఆలస్యంగా వచ్చింది. 1960ల ప్రాంతంలో అమెరికా ఆస్పత్రుల్లో మానసిక వైద్యుడు జేమ్స్ ఫోల్సమ్ పద్ధతి వ్యాపించింది. ఈరోజు ఏ తేదీ, ఇది ఏ ఊరు అని పదే పదే గుర్తుచేయాలి. ఉద్దేశం మంచిదే. కానీ 'అమ్మ ఏది?' అని వెతుక్కునే 85 ఏళ్ల మనిషికి 'మీ అమ్మ ఎప్పుడో పోయింది' అని సరిదిద్దితే? ఆ చావు కబురు ఆమెకు ప్రతిసారీ కొత్తదే. వృద్ధులతో పనిచేసిన అమెరికా సామాజిక కార్యకర్త నయోమీ ఫీల్ దీనికి ఎదురు నడిచింది: తప్పు దిద్దొద్దు, మాట వెనకున్న బెంగను పట్టుకోండి అంది. 'మీ అమ్మ ఏం వండేది?' అని అడిగితే చాలు, మాట అక్కణ్నుంచి సాగుతుంది. నాకైతే ఇదే న్యాయంగా తోస్తుంది.

ఇంగ్లండ్‌లోని బ్రాడ్‌ఫర్డ్‌లో మనస్తత్వవేత్త టామ్ కిట్‌వుడ్ 1990లలో వేలు మన వైపే చూపించాడు. రోగిని పసిపిల్లలా చూడటం, ఎదురుగా ఉండగానే లేనట్టు మాట్లాడుకోవడం కూడా పరిస్థితిని దిగజారుస్తాయన్నాడు. 'చాదస్తం' అని మనం నవ్వేసేది కూడా ఆ కోవలోదే.

మందుల లెక్క తేలింది ఇంకా తర్వాత. డిమెన్షియా ఉన్న వృద్ధుల్లో ఆవేశం, భ్రమలు తగ్గించడానికి ఇచ్చే కొత్తరకం సైకోసిస్ (తీవ్రమైన మానసిక జబ్బు) మందులు మరణం ముప్పును 1.6 నుంచి 1.7 రెట్లు పెంచుతున్నాయని 2005లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ హెచ్చరించింది. 2008లో పాత మందులకూ అదే హెచ్చరిక పెట్టింది. బ్రిటన్‌లో ఏటా 1,80,000 మంది డిమెన్షియా రోగులకు ఇవి ఇస్తున్నారని, దాదాపు 1,800 అదనపు మరణాలు వాటివల్లేనని 2009లో మానసిక వైద్యుడు సుబే బెనర్జీ నివేదిక అంచనా వేసింది. అలాగని మందు అస్సలు వద్దనీ కాదు. తనకో ఇతరులకో ప్రమాదం ఉన్నప్పుడు, తక్కువ మోతాదులో, కొద్దికాలం వాడాల్సి రావచ్చు. ఆపడం కూడా డాక్టర్ చెప్పినట్టే ఆపాలి.

ఇప్పుడు ముందు చూసేది కారణాన్ని. నిన్నటిదాకా నెమ్మదిగా ఉన్న మనిషి రెండు రోజుల్లోనే మారిపోతే మూత్రంలో ఇన్ఫెక్షనో, మలబద్ధకమో, చెప్పుకోలేని నొప్పో, కొత్తగా మొదలెట్టిన మాత్రో కావచ్చు. డాక్టర్‌కు చూపించడం ఆలస్యం చేయకూడదు. గొడవ ఏ వేళప్పుడు, దేని తర్వాత వచ్చిందో వారంపాటు రాసిపెట్టుకుంటే చాలాసార్లు ఒక వరుస బయటపడుతుంది. స్నానం దగ్గర తన్నే మనిషికి చలి వేస్తుండొచ్చు, ఎవరో తెలియనివాళ్లు బట్టలు విప్పుతున్నారని భయం కావచ్చు. భుజాల మీద తువ్వాలు కప్పి, ముందు కాళ్ల మీద నీళ్లు పోస్తూ, ఏం చేస్తున్నామో ఒక్కో మాటగా చెబుతుంటే కొందరు ఒప్పుకుంటారు. ఒప్పుకోని రోజు తడిగుడ్డతో తుడిచి ఊరుకోవచ్చు.