మెడలో వైరు మిగిలిపోతే ఏ కోడ్? డయాలసిస్ కోడింగ్‌లో అపోహలు - వాస్తవాలు

నెల్లూరులో కూర్చొని అమెరికా ఆసుపత్రుల రికార్డులు చదివి, అందులోని జబ్బులకీ చికిత్సలకీ కోడ్ నంబర్లు వేయడం నా ఉద్యోగం. దీన్నే మెడికల్ కోడింగ్ అంటారు. సాయంత్రం మాగుంట లేఅవుట్‌లో ఒక చిన్న గదిలో కోడింగ్ పాఠాలు చెప్తాను. బీఫార్మసీ, మైక్రోబయాలజీ చదివిన పిల్లలు కావలి, ఆత్మకూరు, కందుకూరు నుంచి బస్సెక్కి వస్తారు. సీపీసీ అనే మెడికల్ కోడర్ల పరీక్ష పాసైతే చెన్నైలోనో హైదరాబాద్‌లోనో ఉద్యోగం దొరుకుతుందని వాళ్ల ఆశ. 100 ప్రశ్నలు, 4 గంటలు, 70 శాతం రావాలి.

పోయిన బ్యాచ్‌లో ఒక్క కోడ్ మీదే రెండు సాయంత్రాలు గడిచిపోయాయి. టి81.502ఎ. కిడ్నీ డయాలసిస్ తర్వాత పొరపాటున ఒంట్లో మిగిలిపోయిన వస్తువు వల్ల వచ్చిన కాంప్లికేషన్‌కి వేసే కోడ్ ఇది. ఆ కాంప్లికేషన్ ఏమిటో రికార్డులో లేనప్పుడు వాడతారు. పిల్లల సందేహాలు వింటుంటే కొత్తలో నేను చేసిన తప్పులన్నీ గుర్తొచ్చాయి.

అపోహ: డయాలసిస్ పేషెంట్ ఒంట్లో ఏది మిగిలినా ఇదే కోడ్

అందరూ బోల్తాపడేది ఇక్కడే. పేషెంట్‌కి ఏ జబ్బు ఉందో ఈ కోడ్‌కి అక్కర్లేదు. వస్తువు లోపల ఉండిపోయినప్పుడు ఏ పని జరుగుతోందో అదే దీనికి ముఖ్యం.

చేతిలో ఫిస్టులా, అంటే డయాలసిస్ సూదుల కోసం ధమనినీ సిరనీ కలిపి చేసే దారి, ఇంకా సిద్ధం కాని పేషెంట్‌కి మెడ దగ్గర క్యాథెటర్, అంటే సన్నటి గొట్టం పెడతారు. మనవాళ్లు 'మెడ పైపు' అంటారు. ముందు సూదితో పెద్ద సిరలోకి వెళ్తారు. ఆ సూదిలోంచి సన్నటి గైడ్‌వైర్ దింపి, సూది తీసేస్తారు. ఆ వైరు మీదుగా దారి వెడల్పు చేసి, పైపు ఎక్కించి, చివరికి వైరు బయటికి లాగేస్తారు. లాగేవరకు వైరు రెండో కొస చేతిలోనే ఉండాలి. అది వదిలితే వైరు మొత్తం లోపలికి జారిపోవచ్చు. కొన్నిసార్లు తర్వాతెప్పుడో ఎక్స్‌రే తీస్తేగాని బయటపడదు.

ఈ కేసు ఇస్తే క్లాసులో సగం మంది టి81.502ఎ అన్నారు. కిడ్నీ పేషెంట్, డయాలసిస్ కోసం పెట్టిన పైపు కాబట్టి అదే కదా అని. కానీ అప్పటికి డయాలసిస్ మొదలే కాలేదు. ఈ టి81.5 వరుసలో ఆరో స్థానంలోని అంకె (టి కూడా లెక్కే) ఏ ప్రక్రియో చెప్తుంది: 0 ఆపరేషన్, 1 సెలైన్ లేదా రక్తం ఎక్కించడం, 2 కిడ్నీ డయాలసిస్, 3 ఇంజెక్షన్, 4 ఎండోస్కోపీ, 5 గుండె క్యాథెటర్, 6 ఇతర క్యాథెటర్ పెట్టడం లేదా సూదితో గుచ్చి తీయడం, 7 క్యాథెటర్ లేదా ప్యాకింగ్ తీసేయడం. వైరు జారింది క్యాథెటర్ పెట్టేటప్పుడు. కాబట్టి నేను 6 వైపే చూస్తాను. థియేటర్‌లో చర్మం కింద టనెల్ చేసి పెట్టిన పైపైతే 0 అని వాదించేవాళ్లూ ఉన్నారు. ఆపరేషన్ నోట్ పూర్తిగా చదవకుండా ఆ వాదనలోకి దిగొద్దని నా సలహా.

పైపు తీసేటప్పుడు ముక్క ఉండిపోతే 7. అసలు డయాలసిస్ నడుస్తున్నప్పుడే ఏదైనా మిగిలితేనే 2. కనిగిరి వైపు నుంచి వచ్చే ఒకమ్మాయి వాళ్ల పెదనాన్న వారానికి మూడుసార్లు డయాలసిస్‌కి వెళ్తాడు. "అక్కా, మరి ఆ సూదులు లోపలే ఉండిపోతాయా?" అని భయంగా అడిగింది. ఫిస్టులాకి మామూలుగా రెండు సూదులు పెడతారు, ఒకటి రక్తం తీయడానికి, ఇంకోటి తిరిగి పంపడానికి. నాలుగు గంటలయ్యాక రెండూ తీసి, దూది అదిమి పట్టుకుంటారు, ఇంట్లో టెన్షన్ పెట్టొద్దని చెప్పాను. చాలా అరుదైన సంగతికి కూడా కోడ్ ఉంటుంది. కోడ్ ఉందంటే అది తరచూ జరుగుతోందని కాదు.

అపోహ: పైపు విరిగి ముక్క లోపల ఉంటే 'మిగిలిపోయిన వస్తువే'

ఈ తప్పు నేనే చేశాను. ఉద్యోగంలో చేరిన తొలి రోజుల్లో, నెలల తరబడి వాడిన డయాలసిస్ క్యాథెటర్ లోపలే విరిగిన కేసు వచ్చింది. 'రిటెయిన్డ్', అంటే లోపల మిగిలిపోయింది అనే మాట కనపడగానే టి81.502ఎ వేసి సంబరపడ్డాను. ఆడిట్‌లో వెనక్కొచ్చింది. కోడ్ వివరణలో 'పొరపాటున' అనే మాట కింద ఎర్ర గీత గీసి పంపారు, ఇంకేమీ రాయలేదు.

ఆ క్యాథెటర్‌ని ఎవరూ మర్చిపోయి వదిలేయలేదు. కావాలనే పెట్టారు, వాడుతుండగా చెడిపోయింది. దాని కోడ్ టి82.41ఎక్స్ఎ, అంటే డయాలసిస్ రక్తనాళ క్యాథెటర్ విరిగిపోవడం. పక్కకి జరిగితే టి82.42, కారితే టి82.43, వీటి చివరా ఎక్స్, ఎ కలుస్తాయి. కడుపులో పెట్టే పెరిటోనియల్ క్యాథెటర్ విరిగితే టి85 వరుసలోకి వెళ్లాలి. దానికి ఇన్ఫెక్షన్ సోకితే టి85.71.

ఆ మధ్యలో ఎక్స్ ఎందుకని ప్రతి బ్యాచ్‌లోనూ అడుగుతారు. ఏడో స్థానంలో ఎ రావాలి. టి82.41లో ఐదే ఉన్నాయి, ఆరో చోటు ఖాళీ, అందుకని ఎక్స్ పెట్టి సీటు ఆపుతాం. రైల్లో తువ్వాలు వేసినట్టు. టి81.502కి ఆ అవసరం లేదు, ఆరూ నిండాయి.

అపోహ: చివరి 'ఎ' అంటే మొదటిసారి వచ్చాడని

కాదు. ఆ కాంప్లికేషన్‌కి ఇంకా చికిత్స నడుస్తోందని. పేషెంట్ ఒక ఆసుపత్రి నుంచి ఇంకో ఆసుపత్రికి వెళ్లి, అక్కడ కొత్త డాక్టర్ వైరు తీసినా 'ఎ'నే. వైరు తీసేశాక, మానుతోందో లేదో చూపించుకోవడానికి వస్తే 'డి'. చాలాకాలం తర్వాత దానివల్ల మిగిలిన ఇబ్బందికి 'ఎస్'.

అపోహ: వివరం లేని కోడ్ వేస్తే ఏ గొడవా ఉండదు

టి81.5 వరుసలో ఐదో స్థానంలో 0 అంటే కాంప్లికేషన్ ఏమిటో రికార్డులో లేదని. లోపలి భాగాలు ఒకదానికొకటి అతుక్కుపోతే 1, అడ్డుపడితే 2, చిల్లు పడితే 3, ఇంకేదైనా స్పష్టంగా రాసి ఉంటే 9. నోట్‌లో వైరు చుట్టూ రక్తం గడ్డకట్టిందని డాక్టర్ శుభ్రంగా రాశాక కూడా 0 వేసే కోడర్‌ని నేను సోమరి అంటాను. 9 వేసి, గడ్డకి విడిగా ఇంకో కోడ్ వేయాలి. మూత్రపిండాల జబ్బు చివరి దశ ఎన్18.6, డయాలసిస్ మీద ఆధారపడటం జడ్99.2, ఇవి కూడా పక్కన ఉండాలి.

దీనికి ఎదురు తప్పు కూడా ఉంది. వస్తువు మిగిలింది, జ్వరం వచ్చింది, కాబట్టి జ్వరం దానివల్లే అని మనమే లంకె పెట్టేయడం. ఆ లంకె డాక్టర్ రాతలో ఉండాలి. 'కాంప్లికేషన్' అనే మాటే ఉండాలని లేదు గానీ, దేనివల్ల ఏది వచ్చిందో తెలియాలి. తెలియకపోతే వివరం అడుగుతూ డాక్టర్‌కి క్వెరీ పంపాలి. రోజుకి ఇన్ని చార్టులని టార్గెట్ ఉన్నప్పుడు క్వెరీ పెట్టి ఆగడం ఎంత కష్టమో నాకు తెలుసు. అయినా ఆగాల్సిందే.

అపోహ: ఈ కోడ్ వేస్తే ఆసుపత్రికి ఎక్కువ డబ్బు

అమెరికాలో ముఖ్యంగా పెద్దవాళ్లకి ఉండే ప్రభుత్వ ఆరోగ్య బీమా మెడికేర్‌లో తరచూ జరిగేది తిరగబడ్డ కథ. ఆపరేషన్ తర్వాత వస్తువు లోపల మిగిలిపోవడాన్ని వాళ్లు 'ఆసుపత్రిలో వచ్చిన కండిషన్ల' జాబితాలో పెట్టారు. 2008 అక్టోబర్ 1 నుంచి అలాంటిది అడ్మిషన్ తర్వాత జరిగితే దానికి అదనపు చెల్లింపు ఉండదు. అందుకే చేరేనాటికే ఉందా లేదా అనే గుర్తు, వై లేదా ఎన్, ఈ కోడ్ పక్కన చాలా ముఖ్యం. వేరే చోట జారిన వైరుతో పేషెంట్ వస్తే వై. అక్కడ ఎన్ పడిందంటే, తీసిన ఆసుపత్రి మీదే మచ్చ పడుతుంది.

"అట్టా అయితే మనం డాక్టర్ మీద నేరం రాసినట్టే కదక్కా?" అని కందుకూరు అబ్బాయి అడిగాడు. కాదు. కోడ్‌లో 'పొరపాటున' అని ఉంది, 'నిర్లక్ష్యంగా' అని లేదు. రికార్డులో ఉన్నది రాస్తాం, తీర్పు మన పని కాదు.

అపోహ: మన ఆసుపత్రుల్లోనూ ఇదే కోడ్

టి81.502ఎ అమెరికా తమ కోసం విస్తరించుకున్న జబ్బుల కోడ్ పుస్తకం ఐసీడీ-10-సీఎంలోది. అక్కడ 2015 అక్టోబర్ 1 నుంచి వాడుతున్నారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10లో టి81.5 దగ్గరే ఆగిపోతుంది. అది డయాలసిస్ చేసేటప్పుడు జరిగిందని చెప్పడానికి వై61.2 అనే ఇంకో కోడ్ పక్కన చేరుతుంది. అమెరికా పుస్తకంలో వై61 అసలు లేదు, దాన్ని టి81.5లోనే కలిపేశారు. గూగుల్‌లో చూసి రెండూ ఒకే షీట్‌లో రాసుకొచ్చే పిల్లలు ప్రతిసారీ ఒకరిద్దరు ఉంటారు.

ఇక్కడ ప్రభుత్వ పథకం వైద్యసేవ కింద డయాలసిస్‌కి ప్యాకేజీ లెక్క నడుస్తుంది, ఈ ఆరో అంకెతో దానికి పని లేదు. మా వీధిలో ఒక పెద్దాయన తన డిశ్చార్జ్ సమ్మరీ తెచ్చి "చూడమ్మా, దీంట్లో ఆ నంబర్ ఉందా? లోపల ఏమన్నా వదిలేశారా?" అని అడిగాడు. నంబర్‌లో అది తెలియదు, నేను డాక్టర్నీ కాను. మెడ పైపు పెట్టాక తీసిన ఛాతీ ఎక్స్‌రే రిపోర్టు ఆ కాగితాల్లోనే ఉంటే తీసుకెళ్లి మీ కిడ్నీ డాక్టర్‌ని (నెఫ్రాలజిస్ట్) అడగండి అన్నాను. సంచి అంతా వెతికాడు. ఫిల్మ్ ఉంది, రిపోర్టు కాగితం లేదు. రేపు పొద్దున్నే డయాలసిస్‌కి వెళ్లినప్పుడు అడుగుతానని ఫిల్మ్ మళ్లీ సంచిలో పెట్టుకున్నాడు.