ఆడవేషం కట్టినాయనకి పాట రాలేదు

‘అరుంధతి’లో జేజమ్మ కథ చెప్పే ముసలి చంద్రమ్మ గుర్తుందా? ‘రిక్షావోడు’లో చిరంజీవి బామ్మ? ఇద్దరూ ఒకరే, మనోరమ. రెండు సినిమాలూ కోడి రామకృష్ణ తీసినవే, ‘రిక్షావోడు’ 1995లో, ‘అరుంధతి’ 2009లో. మనకి ఆవిడంటే కొంగుతో కళ్ళొత్తుకునే పెద్దావిడ. తమిళనాడులో మాత్రం ఆ పేరు చెబితే ముందు నవ్వొస్తుంది, తర్వాతే కన్నీళ్ళు.

ఆడ కమెడియన్లు ఎందుకు కనిపించడం లేదన్న మాట మన దగ్గరా వాళ్ళ దగ్గరా అప్పుడప్పుడూ లేస్తూనే ఉంటుంది. ప్రతిభ లేక అనుకుంటే పొరపాటు. మనోరమ ఎక్కివచ్చిన మెట్లు ఒక్కొక్కటే చూస్తే సంగతి అర్థమవుతుంది. వాటిలో చాలామటుకు ఇప్పుడు లేవు.

ఆమె అసలు పేరు గోపీశాంత. 1937 మే 26న తంజావూరు ప్రాంతంలోని మన్నార్‌గుడిలో పుట్టింది. తండ్రి వదిలేశాడు. తల్లి పిల్లను చంకనేసుకుని కారైక్కుడి దగ్గర పళ్ళత్తూరు చేరి, నలుగురిళ్ళలో పనిచేసి పెంచింది. అప్పట్లో నాటకాల్లో ఆడవేషాలు మగవాళ్ళు కట్టడం మామూలే. మన స్థానం నరసింహారావు గారి సత్యభామ సంగతి తెలిసిందే కదా. ఒకసారి పళ్ళత్తూరులో వేస్తున్న నాటకంలో ఆడవేషం కట్టినాయనకి పాట సరిగ్గా రాలేదట. ఊళ్ళో బాగా పాడే పిల్ల ఉందని పన్నెండేళ్ళ గోపీశాంతను పిలిచారని చెబుతారు. నాటకాలు ఆడించే తిరువేంగడం, హార్మోనిస్టు త్యాగరాజన్ ఆ పిల్లకి మనోరమ అని పేరు పెట్టారు.

ఆ రోజుల్లో తమిళ నాటకమంటే ఉత్త కాలక్షేపం కాదు. అన్నాదురై, కరుణానిధి తమ రాజకీయాన్ని జనంలోకి తీసుకెళ్ళింది చాలావరకు నాటకాల మీదే. రాసేదీ వాళ్ళే, అవసరమైతే వేషం కట్టేదీ వాళ్ళే. వాళ్ళిద్దరితోనూ స్టేజీ మీద నటించింది మనోరమ. తమిళ నటుడు ఎస్.ఎస్.రాజేంద్రన్ నాటక సమాజంలో పేరు తెచ్చుకుంది. తర్వాత సినిమాల్లో ఎంజీఆర్, జయలలిత, మన ఎన్టీఆర్. ఐదుగురు ముఖ్యమంత్రులతో నటించానని ఆవిడ చెప్పుకునేది ఈ లెక్కే. అయితే అసలు విషయం వేరు. స్టేజీ మీద ఆమె కథానాయిక. నవ్వించే వేషం కోసం సినిమాకి రాలేదు.

1958లో కవి కణ్ణదాసన్ సొంతంగా తీసిన ‘మాలయిట్ట మంగై’లో ఆమెకి హాస్య పాత్ర ఇచ్చారు. నాటకాల్లో హీరోయిన్‌గా వేసిన అమ్మాయి కాబట్టి వెనకాడింది. హీరోయిన్‌వైతే నాలుగేళ్ళు ఉంటావు, కమెడియన్‌వైతే చిరకాలం ఉంటావన్నది ఆయన సలహా. ఆయన అన్నట్టే జరిగింది. 1963లో ‘కొంజుం కుమరి’లో కథానాయికగా వేసినా ఆ దారి ముందుకు సాగలేదు. రెండో దారి మాత్రం ఆమెను గిన్నిస్ బుక్ దాకా తీసుకెళ్ళింది. 1985 నాటికి వెయ్యి సినిమాలు! ఇరవై ఏడేళ్ళలో వెయ్యంటే నెలకి మూడు.

అలా ఎలా కుదిరిందంటే, అప్పటి సినిమాల్లో కామెడీ ట్రాక్ అని ఒకటి ఉండేది. హీరో కథ ఒక పక్క, హాస్యగాడి కథ ఇంకో పక్క. హీరో డేట్లతో పనిలేకుండా కొద్ది రోజుల కాల్షీటుతో ట్రాక్ అయిపోయేది. హాస్యగాడికి జోడీ కావాలి, జోడీకి ఒక పాట కావాలి. నాగేష్‌కీ మనోరమే, చో రామస్వామికీ మనోరమే. మన దగ్గర రేలంగికి గిరిజ, రాజబాబుకి రమాప్రభ ఉన్నట్టే. ఆడ కమెడియన్‌కి ఏటా ఇన్ని వేషాలని పని దొరికింది ఈ ఏర్పాటు వల్ల. దాన్ని గొప్ప కళగా ఎవరూ చూడలేదు, అది వేరే సంగతి.

అందరూ చూసిన పాత్ర 1968లో వచ్చింది. ‘తిల్లానా మోహనాంబాళ్’లో జిల్ జిల్ రమామణి. ఊరూరా తిరిగే నాటకాల కంపెనీలో ఆడే మనిషి. శివాజీ గణేశన్ అందులో నాదస్వర విద్వాంసుడు, మహా అభిమానధనుడు. ఆయన వాయించింది విని రమామణి అమాయకంగా ఒక మాట అడుగుతుంది: ఈ శబ్దం మీ నాదస్వరంలోనే వస్తుందా, అందరి నాదస్వరాల్లోనూ వస్తుందా అని. హాలంతా నవ్వులు. కానీ ఆ మాటలో వెటకారం లేదు. సంగీతం తెలియని మనిషికి ఇంతకంటే గొప్పగా మెచ్చుకోవడం కుదరదు. డైలాగు చెప్పేటప్పుడు మనోరమ కళ్ళు చూడండి, నవ్వు కోసం ఎదురుచూడవు. అలాంటి కంపెనీల నుంచే వచ్చింది కాబట్టి రమామణిని ఎగతాళి చెయ్యడం ఆమెకి చేతకాలేదని నాకనిపిస్తుంది.

అదే ఏడాది ‘బొమ్మలాట్టం’లో మద్రాసు మురికివాడల యాసలో ‘వా వాద్యారే’ పాట తనే పాడింది. యాసలు పట్టడం ఆవిడకి నీళ్ళు తాగినంత సులువు. కారైక్కుడి ఉన్న చెట్టినాడు ప్రాంతంలో పెద్దింటి ఆడవాళ్ళని ఆచ్చి అంటారు. అక్కడ పనిమనిషి కూతురిగా పెరిగిన మనిషిని చివరికి తమిళనాడంతా ఆచ్చి అనే పిలిచింది. మన తెలంగాణ శకుంతల కూడా ఇలాంటిదే. యాస ఇంటిపేరైపోయింది, పుట్టింది మాత్రం మరాఠీ కుటుంబంలో.

వయసు మీదపడ్డాక తల్లి వేషాలు, బామ్మ వేషాలు. 1989 సినిమాలకిచ్చిన జాతీయ అవార్డుల్లో ‘పుదియ పాదై’కి ఉత్తమ సహాయనటి అయింది. ఆ అవార్డుల్లో హాస్యానికంటూ విడిగా విభాగం లేదు, కాబట్టి ముప్పై ఏళ్ళు నవ్వించినందుకు ఇవ్వడానికి వాళ్ళ దగ్గర ఏమీ లేదు. 2002లో పద్మశ్రీ వచ్చింది. మధ్యలో 1996 ఎన్నికల్లో జయలలిత తరఫున తిరిగి, అవతలి కూటమిని సమర్థించిన రజనీకాంత్‌ని తిట్టిపోసింది. జయలలిత ఓడిపోయింది, ఈవిడకి వేషాలు తగ్గాయి. మరుసటి ఏడాది ‘అరుణాచలం’లో పిలిచి వేషమిచ్చింది ఆ రజనీకాంతే.

టీవీ వచ్చాక సీరియళ్ళలోనూ చేసింది. అప్పటికే సినిమాలో ట్రాక్ కరిగిపోతోంది. కమెడియన్ హీరో స్నేహితుడయ్యాడు, స్నేహితుడికి జోడీ అక్కర్లేదు. అల్లరి చెయ్యడం హీరోయినే నేర్చుకుంది. ఊరూరా తిరిగే నాటక సమాజాలు అంతకుముందే పల్చబడ్డాయి. పాడటం, యాస పట్టడం, జనం నవ్వేదాకా ఆగి తర్వాతి మాట అందుకోవడం నేర్పే బడి అదొక్కటే.

మనోరమ 2015 అక్టోబర్ 10న చెన్నైలో పోయారు. అప్పటికి మన ఈటీవీలో ‘జబర్దస్త్’ మొదలై రెండేళ్ళు దాటింది. భార్య కావాలన్నా, అత్త కావాలన్నా, పక్కింటి పిన్నిగారు కావాలన్నా మగవాళ్ళే చీర కట్టుకుని వచ్చేవారు. లేడీ గెటప్ అని దానికో పేరు కూడా స్థిరపడింది. రోహిణి లాంటి అమ్మాయిలు ఆ స్కిట్లలోకి వచ్చి, పక్కన చీరకట్టులో ఉన్న మగవాళ్ళతో పోటీపడి నవ్వించింది ఆ తర్వాతే.