హ్రాచ్యా నెర్సిస్యాన్ మూకీ నటన: అపోహలు - వాస్తవాలు

అపోహ: ఆర్మేనియా తొలి సినిమాల్లో వేసినవాళ్లకు నటన కొత్త.

వాస్తవం: కెమెరా కొత్త, నటన కాదు. ఆర్మేనియా తొలి కథాచిత్రం ‘నామూస్’ (1925) తీసిన హమో బెక్నజారియన్ తారాగణాన్ని నాటకరంగం నుంచే తెచ్చుకున్నాడు. బర్ఖుదార్ పాత్ర వేసిన హోవ్హానెస్ అబెల్యాన్‌కు అప్పటికే అరవై ఏళ్లు. రుస్తం పాత్ర వేసిన ఆర్మేనియన్ నటుడు నెర్సిస్యాన్ 1895లో నికోమీడియాలో (ఇప్పటి టర్కీలోని ఇజ్మిత్) పుట్టి, కాన్‌స్టాంటినోపుల్ (ఇప్పటి ఇస్తాంబుల్) రంగస్థలం మీద నలిగి వచ్చినవాడు. నామూస్ అంటే పరువు. మన ‘నామోషీ’కి మూలం కూడా ఈ మాటే.

అపోహ: మూకీల్లో మనుషులు కుదుపులతో, గబగబా కదులుతారు. అప్పటి నటనే అంత.

వాస్తవం: ఆ తొందర నటుడిది కాదు, ఆడించే యంత్రానిది. చేత్తో తిప్పే కెమెరాలో మామూలుగా ఒక చుట్టుకు 8 ఫ్రేములు (విడి బొమ్మలు), సెకనుకు రెండు చుట్లు, అంటే 16. దాన్ని టాకీల వేగమైన 24తో వేస్తే కదలిక ఒకటిన్నర రెట్లవుతుంది. 35 ఎం.ఎం.లో 1000 అడుగుల రీలు 16 చొప్పున 16 నిమిషాల 40 సెకన్లు ఆడుతుంది. 24 చొప్పున 11 నిమిషాలకే అయిపోతుంది. భార్య మీద అనుమానం ముదిరే రుస్తం ముఖంలో మనం చూడవలసిందంతా ఆ తేడాలోనే కొట్టుకుపోతుంది!

అలాగని ప్రతి మూకీకీ 16 పెట్టేయకూడదు. 1920ల మధ్యకు వేగాలు పెరిగాయి, ఒకే సినిమాలో షాటుకీ షాటుకీ మారేవి కూడా. 16తో మొదలుపెట్టి 18, 20, 22 వేసి చూడాలి. నడిచే మనిషి అడుగు, పోసే నీళ్లు, జారే గుడ్డ సహజంగా కనబడిన చోట ఆగాలి. వీడియోలో ఇంకో చిక్కుంది: 18ని 24 చేయడానికి ప్రతి మూడో ఫ్రేమును రెండుసార్లు వేస్తే, వేగం సరిగ్గా ఉన్నా కదలిక తడబడుతుంది.

అపోహ: నల్లటి పెదాలు ఆనాటి ఫ్యాషన్.

వాస్తవం: అప్పట్లో వాడిన ఆర్థోక్రొమాటిక్ అనే నలుపు-తెలుపు ఫిల్ముకు ఎరుపు కనబడదు. ఎర్ర రంగు పూస్తే నల్లగా పడుతుంది, ఎర్రబారిన చర్మం మచ్చలుగా తేలుతుంది. నీలికళ్లేమో వెలిసిపోతాయి.

అపోహ: మాట రాగానే మూకీ నటుల పని అయిపోయింది.

వాస్తవం: ఆర్మేనియా తొలి టాకీ ‘పెపో’ (1935)లో కథానాయకుడు నెర్సిస్యానే. దర్శకుడూ ఆ బెక్నజారియనే.