టీవీలో చూపిస్తే పొలం పోతుందా?

పురావస్తు డాక్యుమెంటరీలకు స్క్రిప్టు రాస్తాను. విజయవాడలో ఉంటాను, పని మాత్రం ఎక్కువగా గుంటూరు, పల్నాడు ఊళ్ళలో. ఎక్కడ కెమెరా దించినా అదే ప్రశ్న: "పాతరాయి ఉందని టీవీలో వస్తే భూమి లాగేసుకుంటారంట కదా సార్?"

లాగేసుకోరు. కేంద్రం ఒక స్థలాన్ని రక్షితంగా ప్రకటించాలంటే, పాత కట్టడాల రక్షణ కోసం చేసిన 1958 చట్టం ప్రకారం ముందు గెజిట్‌లో నోటీసు ఇవ్వాలి, అభ్యంతరాలకు రెండు నెలలు గడువివ్వాలి. ప్రకటించాక చుట్టూ 100 మీటర్ల లోపు కొత్త కట్టడాలు కుదరవు. ఇల్లు కట్టుకుందామనుకునేవాళ్ళకి టెన్షన్ ఉండదా మరి, ఉంటుంది. కానీ టీవీలో కనిపించినంత మాత్రాన ఇదేమీ మొదలవదు. నేలలో నిధి దొరికితే కలెక్టరుకు చెప్పాలన్న చట్టం 1878 నుంచీ ఉంది. అందులోనూ శిక్ష దాచినవాళ్ళకే.

ఈ పుకారు నమ్మి ఒక రైతు శాసనపు రాయిని రాత్రికి రాత్రి కాలవలోకి దొర్లించేశాడు. తర్వాత విషయం తెలిసి ఫోన్లో ఏడ్చాడు. పాపం, అతన్ని ఏమనగలం? రాయి పైకి తీయించారు గానీ, అది ఏ గట్టు మీద, ఎటు తిరిగి ఉండేదో ఇప్పుడెవరూ చెప్పలేరు. భూమి దానమిచ్చినట్టు చెక్కిన దానశాసనమైతే, అది నిలబడ్డ చోటే పొలం హద్దు కావచ్చు. అమరావతి స్తూపం రాళ్ళూ ఇలాగే కదిలిపోయి గోడల్లో కలిశాయి. 1816లో మళ్ళీ వచ్చిన బ్రిటిష్ సర్వేయరు కాలిన్ మెకంజీ బొమ్మలు గీయించబట్టి కొన్నిటి రూపమైనా మిగిలింది.

ఉండవల్లి గుహల నుంచి కొండపల్లికి సొరంగం ఉందట, స్క్రిప్టులో పెట్టమంటారు. ఆధారం చూపించండి, పెడతాను. అమరావతి శిల్పాలు పాలరాయివని కూడా రాయమంటారు. అది పాలరాయి కాదు, పల్నాటి సున్నపురాయి.

మొన్న ఒక ఊళ్ళో మామ్మగారు మమ్మల్ని చూడగానే బావి దగ్గర బట్టలుతికే బండ మీద గోనెసంచి కప్పేసింది. కెమెరా కారులోనే వదిలేసి అరుగు మీద కూర్చుని గంటసేపు మాట్లాడాను. చివరికి ఆవిడే సంచి తీసింది. సగం తామరపువ్వు. ఒకవైపు రేకులు సబ్బుకీ రుద్దుడుకీ నున్నగా అరిగిపోయాయి, గోడవైపు రేకుల్లో ఉలి గీత ఇంకా చేతికి తగులుతోంది.

"మా అత్తగారి కాలం నుంచీ ఇక్కడే ఉంది అబ్బాయ్. తీసుకుపోతారా?"

"లేదు మామ్మగారూ. ఫొటో తీసుకుని, కొలతలు రాసుకుంటాం. ఇక దీని మీద మాత్రం ఉతక్కండి."

మర్నాటికి వాళ్ళబ్బాయి పక్కన వేరే నాపరాయి వేయించాడు.