నక్షత్రం కంపిస్తే కరెంటు వస్తుందా?

చిరంజీవులైన పిల్లలకు తాత దీవెనలు.

మీ ఉత్తరం అందింది. మీరు చదివిన కథలో సైంటిస్టు ఒకాయన కొండ మీద తీగల యంత్రం నిలబెట్టి, నక్షత్రాల కంపనాలను పట్టి, తుఫానుకు చీకటైపోయిన ఊరికి కరెంటిచ్చాడనీ, అది నిజంగా అయ్యే పనేనా అనీ అడిగారు. 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను మన ఉద్దానం మీద పడ్డప్పుడు మీరు చంటివాళ్లు. స్తంభాలు కూలి చాలా రోజులు ఊళ్లకు కరెంటు లేదు. ఆ రాత్రుల సంగతులు ఇంట్లో విని ఉంటారు. అందుకే ఆ కథ మీకంత నచ్చిందనుకుంటాను.

ముందు జవాబు చెప్పేస్తాను. నక్షత్రాలు కంపిస్తాయి, అది నిజం. ఆ కంపనంతో బల్బు వెలిగించడం మాత్రం కథే. ఎందుకో చెప్పాలంటే పనసచెట్టు కిందికి వెళ్లాలి.

నా చిన్నప్పుడు కవిటి దగ్గర మాకు పనసచెట్లుండేవి. వేసవి ముదిరిందంటే మా మామ్మ చెట్టుచెట్టుకూ తిరిగి కాయను వేళ్లతో తట్టి చూసేది. ముదరని కాయ టంగుమని గట్టిగా పలుకుతుంది. పండుకొచ్చినది డబ్బుమని బోలుగా పలుకుతుంది. నేను తొందరపడి కత్తి తెస్తే, "ఉండొరే గుంటడా, అదేటంటందో ఇననీ" అనేది. చివరి రోజుల్లో మామ్మకి చెవులు సరిగా వినపడలేదు. అయినా అరచెయ్యి కాయకి ఆనించి, రెండో చేత్తో తట్టి, ఆ అదురును బట్టే చెప్పేసేది. పిక్కలు బూడిదలో కాల్చి నా జేబులో పోసేది కూడా ఆవిడే. ఆ రుచి ఇప్పటికీ నాలుక మీదుంది.

సూర్యుడూ ఒక నక్షత్రమే, ఆ కాయలాంటివాడే. తొక్క కనిపిస్తుంది కానీ లోపలికి చూపు పోదు. అయితే లోపల మోగుతూనే ఉంటాడు. ఆయన్ని తట్టే చెయ్యి బయటెక్కడా లేదు. లోపలి వేడి వాయువు పైకి పొంగి, చల్లారి, మళ్లీ కిందికి దిగుతుంటుంది. ఆ అలజడే ఆయన్ని తడుతుంది. శబ్దం దాటి రావడానికి మధ్యలో గాలి లేదు కాబట్టి ఆ మోత మన చెవికి చేరదు, ఆయన లోపలే తిరుగుతుంటుంది. 1960ల మొదట్లో అమెరికాలో రాబర్ట్ లైటన్, ఆయన సహచరులు సూర్యుడి పైభాగం సుమారు ఐదు నిమిషాలకోసారి ఊగుతోందని కనిపెట్టారు. వాళ్లు విన్నది వెలుతురుతో. పైభాగం మనవైపు ఉబ్బినప్పుడు వెలుతురు రంగు వెంట్రుకవాసి నీలం వైపు జరుగుతుంది, వెనక్కి తగ్గినప్పుడు ఎరుపు వైపు జరుగుతుంది.

ఆ ఊపును బట్టి తొన ఎంత మందం, పిక్క ఎక్కడ అన్నంత వివరంగా లోపలి సంగతి తెలిసింది. సూర్యుడి బయటి భాగం, వ్యాసార్థంలో మూడో వంతుకు కాస్త తక్కువ, పొంగుతూ దిగుతూ ఉండే పొర. దాని కింద పొంగులేని నిలకడైన పొర. మనకు కనపడని అవతలి వైపు పెద్ద మచ్చ పుడితే దాని జాడ కూడా ఇవతల ఊపులో దొరుకుతుంది! భూమి చుట్టూ ఆరు చోట్ల ఇందుకోసం పరికరాలు పెట్టారు. ఒకచోట పొద్దు గూకినా ఇంకోచోట సూర్యుడు కనపడుతుండాలని. అందులో ఒకటి మన దేశంలోనే, ఉదయపూర్‌లో ఉంది.

మరి కరెంటు? మామ్మ తట్టిన చప్పుడు పండు సంగతి చెప్పింది, ఆకలి తీర్చింది తొనలే. సూర్యుడి దగ్గర మనకు అందే తొన వెలుతురు. ఎండ బాగా కాసే మధ్యాహ్నం చదరపు మీటరు నేల మీద సుమారు 1,000 వాట్లు పడుతుంది. సోలార్ పలకలు పట్టేది అందులో కొంతే. తీగల యంత్రం లేకుండానే మీ కథలో సైంటిస్టు కోరిక ఆ పలక కొంత తీరుస్తోంది.

నిజంగా అంతరిక్షం దాటి వచ్చే అదురు ఒకటుంది. వెలుతురును కూడా బయటికి పోనివ్వని రెండు కృష్ణబిలాలు ఢీకొన్నప్పుడు పుట్టిన అల 2015 సెప్టెంబరు 14న భూమిని దాటిపోయింది. అమెరికాలో 4 కిలోమీటర్ల పొడవున్న పరికరాల్లో అది తెచ్చిన తేడా పరమాణువు లోపలి ప్రోటాన్ కన్నా ఎన్నో రెట్లు చిన్నది. మనందరి ఒంట్లోంచీ పోయింది, ఎవరికీ తెలియలేదు. అంత సన్నని దాన్ని పట్టి బల్బు వెలిగించలేం. కానీ పట్టుకున్నారు చూడండి! దాన్ని తలుచుకుంటే నాకు ఒళ్లు జలదరిస్తుంది. పిల్లలూ, ఏదైనా కనపడగానే మనకేం వస్తుందని అడిగే ముందు, అదేమంటోందో కాసేపు వినడం అలవాటు చేసుకోండి.

ఇక లెక్కలు చాలు. మే నెలాఖరున రాత్రి ఎనిమిదిన్నరకు మేడెక్కండి. ఉత్తరాన సప్తర్షుల తోక వంపు వెంటే చూపు సాగిస్తే నారింజరంగు చుక్క ఒకటి తగులుతుంది. అది స్వాతి. సుమారు 37 ఏళ్ల కిందట బయల్దేరిన వెలుతురు అది. స్వాతి కూడా ఊగుతుంది, ఒక్కో ఊపుకు దాదాపు మూడు రోజులు. మీ కంటికి కనపడే మిణుకు మాత్రం ఆ ఊపు కాదు, మన గాలి చేసేది. నమ్మకం కుదరకపోతే ఆగ్నేయాన కిందుగా ఎర్రగా ఉన్న జ్యేష్ఠను చూడండి, ఏది ఎక్కువ మిణుకుతోందో పోల్చండి. కిందుగా ఉన్న చుక్క వెలుతురు ఎక్కువ గాలి దాటి రావాలి కదా. పది గంటలకు మళ్లీ చూడండి. మన ఊళ్లకు అప్పుడు స్వాతి దాదాపు సరిగ్గా నడినెత్తికి వస్తుంది. ఎవరికి ఏ రంగులో కనపడిందో, ఏ చుక్క ఎక్కువ మిణికిందో వేరువేరుగా రాసి పంపండి.

మీ తాత